ఇంటి కవర్లు

పెళ్ళిళ్ళ రిజిస్ట్రేషన్ ఆఫీసులో గోడ గడియారం పది నిమిషాలు వెనకబడి నడుస్తుంది. రికార్డక్క పది నిమిషాలు ముందే వస్తుంది. ఈ రెండూ కలిసి ఆమెకు రోజూ ఇరవై నిమిషాలు మిగులుతాయి. ఆ ఇరవై నిమిషాల్లో బల్ల తుడుచుకుని, జిగురు ఎండి బిగుసుకున్న సీసా మూతను గుడ్డతో పట్టి తిప్పి, నిన్నటి కాగితాలు వరసలో పెట్టుకుంటుంది. ఆమె అసలు పేరు జీతాల పట్టీలో తప్ప ఎక్కడా వినపడదు. ఆమెకన్నా పెద్దవాళ్ళు కూడా రికార్డక్క అనే పిలుస్తారు. ఇరవై రెండేళ్ళుగా ఏ కాగితం ఏ బీరువాలో ఏ అరలో ఉందో ఆమె నాలుక చివర ఉంటుంది. తనకు తెలియని కాగితం ఆ ఆఫీసులో లేదని ఆమెకు కాస్త గర్వం కూడా.

సోమవారం తలుపు తీయగానే ఒక జంట వచ్చింది. అమ్మాయి కళ్ళజోళ్ళ దుకాణంలో అద్దాలు అరగదీసే పని చేస్తుంది. అబ్బాయి లిఫ్టులు బాగుచేస్తాడు. ఇద్దరివీ వేర్వేరు మతాలు. మతం మార్చుకోకుండా పెళ్ళి చేసుకునేవాళ్ళ కోసం ఒక చట్టం ఉంది. దాని ప్రకారం ఈ ఆఫీసులో దరఖాస్తు పెట్టుకోవాలి. దాని నోటీసు ముప్పై రోజులు బోర్డు మీద ఉంటుంది. ఆలోగా చట్టం ఒప్పుకునే అభ్యంతరం ఏదీ రాకపోతే గడువు అయిన రోజున పెళ్ళి.

"ఫొటోల వెనక సంతకాలు పెట్టండి," అంది రికార్డక్క.

అబ్బాయి పెన్నును స్క్రూడ్రైవర్ పట్టినట్టు పట్టాడు.

"నెమ్మది నాయనా, అవతల మొహం మీదికి దిగుతుంది."

అమ్మాయి నవ్వింది. రికార్డక్క చిరునామా కాగితాలు సరిచూసింది, నంబరు వేసింది, నోటీసు రాసింది. తర్వాత ఆమె చేతులు వాటంతట అవే సొరుగులోంచి రెండు గోధుమరంగు కవర్లు తీశాయి. ఒకదాని మీద అమ్మాయి తండ్రి పేరు, రెండోదాని మీద అబ్బాయి తండ్రి పేరు. పైన ఎర్ర సిరాతో రిజిస్టరు పోస్టు అని రాసి గీత కొట్టింది. ఆఫీసులో వీటిని ఇంటి కవర్లు అంటారు.

"అవెందుకండీ?" అంది అమ్మాయి.

"మీ ఇళ్ళకి. ఫలానా రోజున పెళ్ళి పెట్టుకున్నారని మీవాళ్ళకి తెలియాలిగా."

"మా ఇంట్లో తెలియదండీ."

"తెలియదనే పంపుతాం."

అమ్మాయి ఆ కవర్ల వైపు చూసింది. "మా అన్నయ్య ఒకసారి మమ్మల్ని బస్టాపులో చూశాడండీ. పదహారు రోజులు నన్ను గదిలోంచి బయటికి రానివ్వలేదు. పని ఆగిపోయిందని మా ఓనరు ఇంటికొచ్చి గొడవ చేస్తే వదిలారు. ఈసారి వదలరు. ఇది వెళ్తే ముప్పై రోజుల తర్వాత నేను ఇక్కడికి రాను." ఎవరికో అద్దం పవరు చెబుతున్నట్టు చెప్పింది, ఏడవలేదు.

"రూలమ్మా. నాదేముంది."

"ఏ రూలండీ?" అన్నాడు అబ్బాయి.

ఆ ప్రశ్న ఆమెను ఇరవై రెండేళ్ళలో ఎవరూ అడగలేదు. అందుకే ఒళ్ళు మండింది. "ఎప్పట్నించో ఉన్న రూలు. నీ కోసం ఇవాళ పుట్టలేదు."

అబ్బాయి ఆమె తల పైనున్న పోస్టరు చూపించాడు. పెద్దల బెదిరింపులు ఉన్న జంటలకు పోలీసు రక్షణ కల్పిస్తాం, మాకు తెలియజేయండి అని దాని మీద పెద్ద అక్షరాలతో ఉంది. దాని కిందే బయటికి పోయే ఉత్తరాల ట్రే.

"మిమ్మల్ని ఎవరైనా బెదిరించారా?" అంది రికార్డక్క.

"ఇంకా లేదండీ. కవరు అందాక బెదిరిస్తారు."

రికార్డక్క రసీదు రాయడానికి వంగింది. కళ్ళజోడు ముక్కు మీంచి ఒక పక్కకి జారింది. నెల రోజులుగా అలాగే జారుతోంది. అమ్మాయి చెయ్యి చాపింది. "ఇలా ఇవ్వండి, మర వదులైంది." చేతి సంచీలోంచి అగ్గిపుల్లంత స్క్రూడ్రైవర్ తీసి, రెండు తిప్పులు తిప్పి, అద్దాలు తుడిచి ఇచ్చింది. బతిమాలలేదు. రసీదు తీసుకుని ఇద్దరూ వెళ్ళిపోయారు.

నోటీసు బోర్డు మీద అంటించి వచ్చాక రికార్డక్క కవర్లు ట్రేలో వేయబోయి ఆగింది. రేపు వేద్దాంలే అనుకుని పేపర్ వెయిట్ కింద పెట్టింది. ఒక కాగితాన్ని ఒక పూట ఆపడం ఆమెకు అదే మొదటిసారి.

*

ఇంట్లో అన్నాల దగ్గర ఈ సంగతి చెప్పింది. ఆమె భర్త డ్రైవింగ్ నేర్పుతాడు. రోజంతా పక్క సీట్లో కూర్చుని ఇంకొకళ్ళ బండికి బ్రేకు వేసే మనిషి, ఇంట్లోనూ ఆ పాదం కిందికే ఉంటుంది.

"నీకెందుకు? రూలన్నాక పంపాలి. రేపు ఏదైనా అయితే నీ మెడకు చుట్టుకుంటుంది," అన్నాడు.

"నాకు మాత్రం అలాంటి పెళ్ళిళ్ళు ఇష్టమా ఏంటి? రెండిళ్ళకూ కాకుండా పోతారు," అంది రికార్డక్క. అది ఆమె మనసులో మాటే. దాచుకోలేదు.

కూతురు ఎముకల ఆసుపత్రిలో ఎక్స్‌రేలు తీస్తుంది. కంచం కడుగుతూ వెనక్కి తిరక్కుండా అడిగింది. "అలాంటి కవరు మనింటికొస్తే ఏం చేస్తావమ్మా?"

"నీ కాళ్ళు విరగ్గొట్టి మూల కూర్చోబెడతా."

"విరగ్గొట్టు. ఎక్స్‌రే నేనే తీసుకుంటా."

ముగ్గురూ నవ్వారు. కూతురు కడిగిన కంచాన్నే మళ్ళీ కడిగింది.

రికార్డక్క గిన్నెలు సర్దుతూ ఉంటే తను అన్న మాట తనకే మళ్ళీ వినిపించింది. సరదాకి అంది. కానీ కవరు నిజంగా వస్తే ఏం చేస్తుందో ఆమెకు వరసగా తెలుసు. ముందు వీధి తలుపుకు గొళ్ళెం పెడుతుంది. ఫోన్ లాక్కుంటుంది. ఆడపడుచుకు కబురు పెడుతుంది. ఆసుపత్రికి ఒంట్లో బాగాలేదని చెబుతుంది. ఇదంతా ఆలోచించుకోవడానికి ఆమెకు అర నిమిషం కూడా పట్టలేదు. ఆమె చెడ్డ మనిషి కాదు, కూతురంటే ప్రాణం. ఆ కళ్ళజోళ్ళ అమ్మాయి అన్నకూ చెల్లెలంటే ప్రాణమే అయి ఉంటుంది. అలా అనుకోగానే ఆమెకు భయం వేసింది.

*

మంగళవారం ఇరవై నిమిషాల్లో బల్ల తుడవలేదు. పాడైన ఫ్యాను కింద నలిగిపోతున్న చట్టం పుస్తకాన్ని పైకి లాగి, దుమ్ము దులిపి, ఆ చట్టం ఉన్న పేజీలు చదివింది. నోటీసును ఆఫీసులో అందరికీ కనిపించే చోట అంటించవలెను అని ఉంది. పుస్తకంలో ఎన్ని రోజులో ఉంది, ఎలాంటి అభ్యంతరం చెల్లుతుందో ఉంది, సాక్షులు ఎందరో ఉంది. ఇంటికి ఉత్తరం మాట లేదు. అద్దాలు తుడుచుకుని మళ్ళీ చదివింది. లేదు.

పుస్తకం పట్టుకుని ఆఫీసరు గదిలోకి వెళ్ళింది. ఆయన్ని వెనకాల అందరూ చూద్దాం సారు అంటారు. సెలవు అడిగినా చూద్దాం, కుర్చీ విరిగిందన్నా చూద్దాం. ఆయనకు ఎవరి మీదా కోపం లేదు, ఎవరి పనీ కాదు.

"ఇంటి కవర్లు పంపమని చట్టంలో లేదు సార్."

"ఇన్నేళ్ళుగా వెళ్తున్నాయంటే ఎవరో ఆర్డరు వేసే ఉంటారండీ. ఆర్డరు లేకుండా ఆఫీసులో ఈగ కూడా వాలదు. వెతకండి. దొరికితే చూద్దాం."

"దొరక్కపోతే సార్?"

"అప్పుడూ చూద్దాం."

మధ్యాహ్నం ఆమె కింది రికార్డు గదిలోకి దిగింది. ఆదేశాల ఫైళ్ళన్నీ తిరగేసింది. లేదు. అప్పుడు తపాలా రిజిస్టర్లు పట్టుకుంది. బయటికి పోయిన ప్రతి ఉత్తరమూ వాటిలో ఉంటుంది. మొదటి కవరు వెళ్ళిన రోజు తెలిస్తే ఆ రోజు ఆర్డరు వేసిన మహానుభావుడెవరో తెలుస్తుంది. కొత్త రిజిస్టరు నుంచి పాతదానికి, దాన్నుంచి ఇంకా పాతదానికి వెళ్ళింది. ప్రతి దాంట్లో తండ్రుల పేర్లు ఉన్నాయి. అన్నీ తన గుండ్రటి చేతిరాతే.

ఇరవై రెండేళ్ళ కిందటి రిజిస్టరులో మొదటి సగం వేరే గుమాస్తాది, పక్కకి వాలిన రాత. ఆ వాలు రాతలో ఒక్క ఇంటి కవరూ లేదు. తర్వాత తను ఉద్యోగంలో చేరిన మూడో నెల. అక్కడ మొదటిది కనిపించింది. పక్కన చిన్నగా రాసి ఉంది: అమ్మాయి పుట్టినతేదీ చెరిగిపోయింది, వయసు తెలుసుకోవడానికి తండ్రికి ఉత్తరం రాయమని ఆఫీసరు చెప్పారు. ఆ ఒక్క అమ్మాయికి. మరుసటి వారం ఇంకో జంట వచ్చింది. పుట్టినతేదీలు శుభ్రంగా ఉన్నాయి. ఎవరూ ఏమీ చెప్పలేదు. అయినా గుండ్రటి రాతలో రెండు కవర్లు వెళ్ళాయి. ఆ తర్వాతి వారం కూడా.

ఆమెకు గుర్తొచ్చింది. కొత్త ఉద్యోగం, ఎవరూ వేలెత్తి చూపకూడదని ప్రతి పనీ ఒకటికి రెండు చేసేది. మొన్న పంపాం కదా, ఇప్పుడూ పంపాలి కాబోలు అనుకుంది. ఆఫీసరు చూడకుండా సంతకం పెట్టాడు. ఆయన వెళ్ళాక వచ్చినాయనకు ఇది ఇక్కడి పద్ధతి సార్ అని తనే చెప్పింది. ఆ తర్వాత వచ్చినవాళ్ళకీ చెప్పింది.

గదిలో పై అర నిండా మూసేసిన ఫైళ్ళు ఉన్నాయి. ఒకటి లాగింది. చివరి పేజీలో గుండ్రటి రాత: గడువు రోజున పార్టీలు హాజరు కాలేదు. ఇంకోటి లాగింది. హాజరు కాలేదు. ఆ మాట రాసి దారం ముడి వేసేటప్పుడు ప్రతిసారీ మనసు మార్చుకున్నారు కాబోలు అనుకునేది. ఒక్కోసారి మంచిదేలే అని కూడా అనుకుంది. రికార్డక్క నేల మీదే కూర్చుండిపోయింది. 

పైకి వచ్చేసరికి బల్ల మీద పేపర్ వెయిట్ ఒక్కటే ఉంది.

తపాలా తీసుకెళ్ళేది అటెండరు బాబాయి. వచ్చే ఏడు రిటైరవుతాడు, నాలుగు కొట్టేసరికి సంచీ భుజాన వేసుకుంటాడు. "మర్చిపోయావనుకున్నా అక్కా. నాలుగు దాటితే ఇవాళ్టికి పోవుగా. నేనే నంబరు చూసి వేసేశా," అన్నాడు తృప్తిగా.

అతన్ని తిట్టకుండానే రికార్డక్క తన సంచీ అందుకుంది. అతను చేసింది తను నేర్పిన పనే.

*

పోస్టాఫీసు కౌంటరు మూయబోతున్నారు. లోపలి మనిషి ఆమె చెప్పింది విని ఒక ఫారం ఇచ్చాడు. "పంపినవాళ్ళు వెనక్కి అడగొచ్చమ్మా. కాకపోతే పంపింది మీరు కాదు, మీ ఆఫీసరు. ఆయన సంతకం, సీలు కావాలి. రేపు పదింటికి పోస్టాయన బయల్దేరతాడు. ఆలోగా తెండి."

ఆఫీసరు అప్పటికే వెళ్ళిపోయాడు. రికార్డక్క దరఖాస్తులో ఉన్న దుకాణం నంబరుకు ఫోన్ చేసింది.

"అమ్మా, కవర్లు పోస్టులో పడ్డాయి. రేపు పదిలోపు ఆపుతా. ఈ రాత్రికి భయం లేదు. పొద్దున మామూలుగా పనికి వచ్చెయ్. వచ్చాక, నేను మళ్ళీ ఫోన్ చేసేదాకా ఇంటికి మాత్రం వెళ్ళకు."

అవతల అద్దం అరిగే మెషిను ఆగింది. "ఆపగలరా?"

"ఆపుతా," అంది. తన గొంతు తనకే కొత్తగా ఉంది.

బుధవారం ఏడున్నరకి ఆఫీసరు ఇంటి తలుపు కొట్టింది. ఆయన చొక్కా ఇస్త్రీ చేసుకుంటున్నాడు. ఆమె ఫారం బల్ల మీద పెట్టింది.

"ఆఫీసుకు తీసుకురండి, చూద్దాం."

"చూడ్డానికి టైము లేదు సార్. పదింటికి పోస్టాయన వెళ్ళిపోతాడు."

"ఇంతకీ ఆ ఆర్డరు దొరికిందా?"

"దొరికింది సార్."

"ఎవరు వేశారు?"

"నేనే."

ఆయన ఇస్త్రీ పెట్టె నిలబెట్టాడు. ఆమె నాలుగు మాటల్లో చెప్పింది. చెబుతున్నంతసేపూ ఆయన చొక్కా కాలర్ వైపే చూశాడు. "నేనెన్ని సంతకాలు పెట్టానండీ?" అన్నాడు చివరికి.

"నాలుగేళ్ళవి మీవి సార్. మిగతావి మీకన్నా ముందు చేసి వెళ్ళినవాళ్ళవి."

మొదటిసారిగా ఆయన నోట చూద్దాం రాలేదు. పెన్ను అడిగాడు. సంతకం పెట్టేముందు ఫారం అంతా పైనుంచి కిందిదాకా చదివాడు. ఆమె సంచీలోంచి సీలు తీసింది. సీలు ఆఫీసు గడప దాటకూడదు. ఆ సంగతి మాత్రం రూల్లో నిజంగానే ఉంది. ఆయన చూసి కూడా ఊరుకున్నాడు.

ఆమె రెండో కాగితం పెట్టింది. ఈ జంటకు పెళ్ళి అయ్యేదాకా రక్షణ ఇవ్వాలని, రక్షణ పేరుతో వాళ్ళ ఇళ్ళకు మాత్రం వెళ్ళవద్దని పోలీసు స్టేషనుకు ఉత్తరం.

"బెదిరింపు వచ్చిందా?"

"వచ్చాక రాస్తే ఇంక ఎవరి కోసం రాస్తాం సార్?"

దాని మీదా పెట్టాడు.

*

పోస్టాయన ఉత్తరాలను వీధుల వరసలో పేర్చుకుంటున్నాడు. ఫారం చూసి, కట్టలోంచి రెండు గోధుమరంగు కవర్లు తీసి, వెంటనే ఇవ్వకుండా చేతిలోనే పట్టుకున్నాడు.

"ఇవి మీరేనా పంపేది?"

"అవును."

"మీ కవర్లు నాకు బాగా తెలుసమ్మా. ఇది ఇచ్చిన ఇంటికి మర్నాడు వెళ్తే కిటికీలు మూసి ఉంటాయి. ఒక ఇంట్లో అయితే పై వాటాలోంచి ఒక పిల్ల చెప్పులు కూడా లేకుండా మెట్లు దిగి పరిగెత్తుకొచ్చింది. చెయ్యి చాపింది. కవరు వాళ్ళ నాన్న పేరు మీద ఉంది. ఆయన సంతకం లేకుండా ఇవ్వకూడదు. ఇవ్వలేదు. ఆయన లోపల్నించి వచ్చి సంతకం పెట్టేదాకా ఆ పిల్ల చెయ్యి అలాగే చాపి ఉంది." అతను కవర్లు ఆమె ముందు పెట్టాడు. "పాపం అనుకున్నా. కానీ చట్టం పంపిస్తోంది కదా, మనం ఎవరం అనుకున్నా."

"నేనూ అదే అనుకున్నాను," అంది రికార్డక్క. "ఆ ఇల్లు ఎక్కడో గుర్తుందా?"

"ఎందుకు గుర్తులేదు. ఇప్పుడా వాటాలో వేరేవాళ్ళున్నారు."

ఆమె సంతకం పెట్టి కవర్లు తీసుకుంది. ఏడుపు వచ్చింది. పోస్టాఫీసులో జనం ఉన్నా ఆపుకోలేదు, ముక్కు చీదుకుని బయటికి నడిచింది.

దారిలో స్టేషనులో ఉత్తరం ఇచ్చి, రసీదు మీద ముద్ర వేయించుకునేదాకా కదల్లేదు. ఆఫీసుకు వచ్చి తపాలా రిజిస్టరులో రెండు వరసలు ఎర్ర సిరాతో కొట్టేసి, ఇకపై పంపరాదు అని రాసింది. బాబాయిని పిలిచి చదివి వినిపించింది. తర్వాత అతనూ ఆమే కలిసి ఆమె బల్లను ఈడ్చి నోటీసు బోర్డుకు ఎదురుగా వేశారు. ఆ నోటీసు ముందు ఎవరు ఎంతసేపు నిలబడ్డా ఇక ఆమె కళ్ళ ముందే.

సాయంత్రం కళ్ళజోళ్ళ దుకాణానికి వెళ్ళింది. పొద్దున్నే ఫోన్ చేసి చెప్పినా, కవర్లు కళ్ళారా చూపించాలనిపించింది. అమ్మాయి అద్దం అంచును మెషినుకు ఆనించి పట్టుకుని ఉంది. కవర్లు చూసి మెషిను ఆపింది. రికార్డక్క స్టేషను రసీదు కూడా చేతిలో పెట్టింది.

"ఆ రూలు ఎవరు పెట్టారో తెలిసిందా అండీ?"

అబద్ధం చెప్పడానికి వీలుంది. పాత ఆఫీసరెవరో అంటే సరిపోయేది.

"నేనే పెట్టాను. పెట్టానని కూడా తెలియకుండా."

 అమ్మాయి అద్దాన్ని వెలుతురుకు ఎత్తి చూసింది, గుడ్డతో తుడిచింది, మళ్ళీ చూసింది. పరవాలేదులెండి అని అనలేదు. అనకపోవడమే న్యాయమని రికార్డక్కకు తోచింది.

"గడువు రోజున మీరు సెలవు పెట్టకండి," అంది అమ్మాయి.

"పెట్టను."

*

ఇంటికి వచ్చేసరికి భర్త ఇంకా రాలేదు. కూతురు వంటింట్లో టీ కాస్తోంది. రికార్డక్క చెప్పులు విప్పి, వీధి తలుపు దగ్గర నిలబడే అంతా చెప్పింది. రిజిస్టరు, పై అరలో ఫైళ్ళు, మెట్లు దిగిన పిల్ల చెయ్యి.  టీ పొంగి పొయ్యి మీద పడితే అప్పుడు కూతురు మంట తగ్గించింది.

"అంటే ఇంక ఎవరింటికీ కవర్లు వెళ్ళవా?"

"వెళ్ళవు. ఎవరింట్లో సంగతి వాళ్ళ పిల్లలు చెబితే తెలియాలి, లేకపోతే లేదు."

కూతురు పొయ్యి కట్టేసింది. చేతులు తుడుచుకుంది, తుడిచిన చేతుల్నే మళ్ళీ తుడుచుకుంది. సోమవారం కడిగిన కంచాన్నే మళ్ళీ కడగడం రికార్డక్కకు అప్పుడు గుర్తొచ్చింది. 

"అయితే కాస్త కూర్చో అమ్మా," అంది కూతురు. "నీతో ఒక మాట చెప్పాలి."

వీధి తలుపు బార్లా తీసి ఉంది. గొళ్ళెం ఆమె చేతికి అందేంత దూరంలోనే ఉంది. చెయ్యి దాని దాకా వెళ్ళింది కూడా. రికార్డక్క చెయ్యి వెనక్కి తీసుకుంది. తలుపును అలాగే వదిలేసి, లోపలికి వచ్చి, కుర్చీ లాక్కుని కూర్చుంది.